వివాహితలు – ఇంటిపేరు

పెండ్లియైన స్త్రీ తన ఇంటిపేరును మార్చుకొని తీరవలయునా? ఈ ప్రశ్నకు మన శాసనములు చెప్పు సమాధానము స్పష్టము. మార్చుకొనవలయునని ఏ చట్టమును ఆమెను నిర్బంధించుట లేదు. 1955వ సంవత్సరపు హిందూ వివాహ చట్టమును మొదటినుండి తుదివఱకు చదివినను వధువు పేరు మాఱవలయునన్న మాట కానరాదు. 1954వ సంవత్సరపు ప్రత్యేక వివాహ చట్టమును అట్టిదే. పుట్టింటి పేరు నిలుపుకొన్నను, అత్తింటి పేరు గైకొన్నను, రెండును గలిపి వ్రాసికొన్నను శాసనదృష్టిలో ఆమె వివాహమునకు ఎట్టి లోపమును రాదు.

ఐనను లోకమున జరుగుచున్నది వేఱు. క్రొత్తగా పెండ్లియైన యువతి బ్యాంకునకు బోయిన, పింఛను కచేరికి బోయిన, బిడ్డను బడిలో చేర్పింపబోయిన, గుమాస్తా అడుగు మొదటి ప్రశ్న యొక్కటే: “ఇంకను పుట్టింటి పేరే యున్నదేమమ్మా?” చట్టము అడుగని దానిని బల్ల వెనుకనున్నవాడు అడుగుచున్నాడు. దేవుడు వరమిచ్చినను పూజారి వరమీయడన్న సామెత ఇచ్చట అక్షరాల చెల్లుచున్నది. కావున ఈ విషయమును మన పాఠకుల యెదుట నుంచుట అవసరమని తలంచుచున్నాము.

ముందుగా ఆచారము సంగతి విచారింతము. వివాహముతో స్త్రీ భర్తృగోత్రమున చేరునని మనవారి విశ్వాసము. కాని గోత్రము వేఱు, ఇంటిపేరు వేఱు. ఒక్క గోత్రమున పెక్కు ఇంటిపేర్లుండుట ఎల్లరెఱిగినదే. గోత్రము సంకల్పమున చెప్పుకొనునది. ఇంటిపేరు లోకవ్యవహారమునకు ఏర్పడినది. కొన్ని ఊళ్ల పేర్లు, కొన్ని వృత్తుల పేర్లు, కొన్ని పూర్వికుల పేర్లు. పీటలపై కూర్చుండి ఏ గోత్రము చెప్పుకొన్నను, రిజిస్ట్రారు పుస్తకమున ఏ పేరుండవలయునన్నది దానివలన తేలునది కాదు.

మన చరిత్రయు ఒక్క త్రోవనే నడచినది కాదు. కాకతి రుద్రమదేవి చాళుక్య వీరభద్రుని చేపట్టియు, ఓరుగల్లు సింహాసనమున తండ్రి వంశనామముతోనే రాజ్యమేలెను. తరిగొండ వెంగమాంబను మనము పుట్టింటి పేరుతోను గాక, అత్తింటి పేరుతోను గాక, ఊరి పేరుతో స్మరించుచున్నాము. సరోజినీదేవి 1898లో ముత్యాల గోవిందరాజులు నాయుడుగారిని వివాహమాడినది. ఆమె పేరు చెంత చేరినది ముత్యాలవారి ఇంటిపేరు కాదు, నాయుడన్న బిరుదము. కొమఱ్ఱాజువారింటనే రెండు తరములను చూడుడు. లక్ష్మణరావు పంతులుగారి సోదరి భండారు అచ్చమాంబ ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ను అత్తింటి పేరుతో లోకమునకిచ్చినది. ఆయన కుమార్తె, వైద్యురాలు, 1957లో విజయవాడనుండి లోకసభకు ఎన్నికైన డాక్టరు అచ్చమాంబ కొమఱ్ఱాజువారి పేరుతోనే ప్రసిద్ధురాలైనది. రాజ్యాంగ సభలో జి. దుర్గాబాయిగా కూర్చుండి వాదించిన వనిత 1953 వివాహమునకు పిమ్మట దుర్గాబాయి దేశ్‌ముఖ్ అయినది. వీరిలో ఎవరు ఆచారము తప్పిరి? ఎవరు ఆత్మగౌరవము కోల్పోయిరి? ఒక్కరును లేరు. పేరు మార్చుకొనుటయు తప్పు కాదు, మార్చుకొనకుండుటయు తప్పు కాదు. నిర్ణయము ఎవరిదన్నదే ప్రశ్న.

పూర్వము ఈ ప్రశ్నకు ఇంత ప్రాముఖ్యము లేదు. ఏలయన స్త్రీ పేరు వ్రాసికొను పత్రములే అరుదు. ఆమె ఫలానివారి కూతురు, ఫలానివారి కోడలు, ఫలాని బిడ్డ తల్లి. ఇంతటితో లోకవ్యవహారము సాగిపోయెడిది. ఆ స్థితివలన కలిగిన హాని ఎంతటిదో స్వతంత్ర భారతమున 1951–52లో జరిగిన మొదటి సార్వత్రిక ఎన్నికలు బయటపెట్టినవి. ఓటర్ల జాబితాలు సిద్ధపఱచునపుడు ఎందఱో స్త్రీలు తమ పేరు చెప్పక, ఫలానివాని భార్య, ఫలానివాని తల్లి యని వ్రాయించుకొనిరి. అట్టి నమోదులు చెల్లవని ఎన్నికల కమిషనరు సుకుమార్ సేన్ నిర్ణయించెను. సొంతపేరు తెలుపనందున సుమారు 28 లక్షలమంది స్త్రీలు జాబితాలనుండి తొలగింపబడిరి. వారిలో పెక్కుమంది ఉత్తర, మధ్య భారతములవారు. పేరు లేనివారికి ఓటు లేదని ఆనాడే తేలినది. పేరన్నది అలంకారము కాదు, పౌరత్వమునకు చేపిడి.

నేడు స్త్రీ చదువుకొన్నది, ఉద్యోగము చేయుచున్నది, భూమికి హక్కుదారు అగుచున్నది. ఆమె పేరు పదవ తరగతి ధ్రువపత్రమున, ఆధార్ కార్డున, పాన్ కార్డున, ఓటర్ల జాబితాలో, బ్యాంకు ఖాతాలో, పట్టాదారు పాసుపుస్తకమున నెక్కినది. వీనిలో ఒక్కదాన పేరు మాఱి తక్కినవానిలో మాఱకున్నచో చిక్కులు ఆరంభమగును. పెండ్లియైన యుత్సాహమున అత్తవారు రేషను కార్డున క్రొత్త ఇంటిపేరుతో కోడలి పేరు చేర్పింతురు. ఉద్యోగమునకు చూపవలసిన పట్టాలో పాతపేరే యుండును. అపుడు అఫిడవిట్టు, రెండు పత్రికలలో ప్రకటన, గెజిట్టులో ప్రచురణ, ఒక్కొక్క కచేరికి ఒక్కొక్క దరఖాస్తు! పట్టణమున చదువుకొన్న యువతికే ఇది ప్రయాస. కూలిపనికి బోవు స్త్రీకి ప్రతి తిరుగుడును ఒకనాటి కూలి నష్టమే. ఆధార్ కార్డున పేరును జీవితకాలమున సాధారణముగా రెండుసార్లకంటె మార్చనీయరు. పెండ్లినాడు ఒకసారి మార్చుకొని, దుర్విధివశమున భర్తను కోల్పోయియో విడిపోయియో పుట్టింటి పేరునకు తిరిగివచ్చినచో రెండవసారియు తీఱిపోవును. ఆమె మరల వివాహమాడరాదా? ఈ లెక్క వేసినవారు పురుషుని జీవితమును దృష్టిలో నుంచుకొని వేసినట్లున్నది. అతనికి పెండ్లివలన పేరుమార్పు అక్కఱయే రాదు గదా!

విదేశములకు బోవు మన ఆడుబిడ్డల కష్టము మఱియొకటి. తెలుగువారి ఇంటిపేరు ముందుండును, తఱచుగా ఒక్క పొడియక్షరముగా నుండును. పాస్‌పోర్టున ఇంటిపేరునకు ఒక గడి, సొంతపేరునకు ఒక గడి. ఒక గడి ఖాళీగా నుండి, ఉన్న పేరంతయు ఇంటిపేరుగా లెక్కకు వచ్చినచో, అమెరికా వీసాపై సొంతపేరునకు బదులు ‘పేరు తెలియదు’ అను అర్థమిచ్చు ఎఫ్.ఎన్.యు. అను అక్షరములు పడును. తల్లిదండ్రులు ముచ్చటపడి పెట్టిన పేరు తెలియకపోవుటయా!

అన్నింటికంటె గడ్డు విషయము ఆస్తి హక్కు. ఉమ్మడి ఆంధ్రప్రదేశమున నందమూరి తారక రామారావుగారి ప్రభుత్వకాలమున, 1986 చట్టముచే, 1985 సెప్టెంబరు 5 నుండి వర్తించునట్లు అవివాహితలైన కుమార్తెలకు ఉమ్మడి యాస్తిలో కుమారులతో సమానమైన హక్కు కలిగినది. 2005 కేంద్ర చట్టసవరణ ఆ హక్కును దేశమంతటి కుమార్తెలకు, వివాహితలకు గూడ, విస్తరించినది. ఆ హక్కు జన్మతః కలిగినదని 2020లో సర్వోన్నత న్యాయస్థానము ధ్రువపఱచినది. పెండ్లివలన కుమార్తె పుట్టింటికి పరాయిది కాదని శాసనము చెప్పినది. కాని న్యాయస్థానములలో మేము చూచుచున్నదేమి? భాగము కోరి వచ్చిన ఆడపడుచు వారసత్వ పత్రమున ఒక పేరుతో, ఆధార్ కార్డున మఱియొక పేరుతో నుండును. “ఈమెయు ఆమెయు ఒక్కరేనని ఋజువేమి?” అని ఎదుటి పక్షమువారు అడ్డుప్రశ్న వేయుదురు. తోడబుట్టినవానికి తన అక్క యెవరో తెలియక కాదు. కాలహరణమునకు అదియొక సాధనము. హక్కు చట్టమున నున్నది, అక్షరముల పొందికలేమివలన చేతికి రాకున్నది. ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లు గబ్బిలాల కంపు అన్నట్లు ఘనమైన శాసనములుండియు అనుభవము మాత్రము శూన్యము.

న్యాయస్థానములు ఈ విషయమున ఉదారముగనే యున్నవి. పేరు వ్యక్తిత్వమునకు ముఖ్యాంగమనియు, దానిని తనకు నచ్చిన రీతిని ప్రకటించుకొనుట రాజ్యాంగపు 19వ అధికరణము రక్షించు భావప్రకటనా స్వాతంత్ర్యములోనిదనియు, సహేతుకమైన కట్టుబాట్లకు లోబడి అది సాగవలయుననియు 2021లో సర్వోన్నత న్యాయస్థానము విద్యార్థుల ధ్రువపత్రముల వ్యాజ్యమున నిర్ణయించినది. 2022లో ఒక తెలుగు కుటుంబపు వ్యాజ్యము అచ్చటికి చేరినది. భర్తను కోల్పోయి పునర్వివాహమాడిన తల్లి తన కుమారునకు క్రొత్త ఇంటిపేరు పెట్టగా, మొదటి భర్త తల్లిదండ్రులు కాదనిరి. సహజ సంరక్షకురాలైన తల్లికి బిడ్డ ఇంటిపేరు నిర్ణయించు అధికారము కలదని న్యాయమూర్తులు తీర్పు చెప్పిరి. బిడ్డకే ఇంటిపేరు నిర్ణయింపగల తల్లి తన ఇంటిపేరును తాను నిర్ణయించుకొనలేదా?

పరిపాలకులును ఒక్కొక్కతఱి మంచిమాట చెప్పుచున్నారు. పెండ్లికాగానే స్త్రీ పాస్‌పోర్టున పేరు మార్చుకొననక్కఱలేదని ప్రధానమంత్రి 2017 ఏప్రిలులో ప్రకటించెను. కాని కేంద్ర ప్రభుత్వపు ప్రచురణశాఖ విధించిన నిబంధనయొకటి 2024 ఫిబ్రవరిలో ఢిల్లీ ఉన్నత న్యాయస్థానమున ప్రశ్నింపబడినది. పుట్టింటి పేరునకు మరలి రాగోరు వివాహిత విడాకుల తీర్పునైన చూపవలయును, లేదా భర్త అభ్యంతరము లేదని వ్రాసియిచ్చిన పత్రమునైన తేవలయునట! తాను పుట్టిననాడు పొందిన పేరును తిరిగి తాల్చుటకు భర్త సెలవు కావలయునా? ఇల్లు వదలివచ్చినపుడు ఎవరి సెలవుతో ఆ పేరు విడిచినదో ఎవరును అడుగలేదే! పేరు విడుచుటకు అడ్డులేని ద్వారమును, మరలి వచ్చుటకు మాత్రము తాళమును అమర్చుట ఏ న్యాయము? ఇట్టి నిబంధన యే శాఖయందున్నను దానిని మేము తీవ్రముగా ఖండించుచున్నాము.

ఇతర దేశముల రీతులు రెండు కొసలను చూపుచున్నవి. జపానులో పౌరస్మృతి 750వ అధికరణము దంపతులిద్దఱును ఒక్క ఇంటిపేరునే ధరింపవలయునని శాసించినది. ఎవరి పేరైనను ఎన్నుకొనవచ్చునని అక్షరము. నూటికి సుమారు తొంబదియైదు జంటలలో పేరు మార్చుకొనునది భార్యయే యని అనుభవము. అచ్చటి సర్వోన్నత న్యాయస్థానము 2015లోను 2021లోను ఆ అధికరణమును సమర్థించినది. కెనడాలోని క్విబెక్ రాష్ట్రమున 1981నుండి ఇందుకు విరుద్ధముగా, వివాహమైనను ఎవరి పేరు వారికే నిలుచునని శాసనము. ఒకచోట మార్చుకొనుమన్న నిర్బంధము, మఱియొకచోట మార్చుకొనవలదన్న నిర్బంధము. మన చట్టపు మౌనము ఈ రెండింటికంటె మేలైనది. ఆ మౌనమును కచేరీలు తమ నోటిమాటతో నింపకుండ చూచుకొనుటయే మన పని.

ఒక్క ఇంటిపేరు లేనిదే కుటుంబమునకు ఐక్యమెట్లు కలుగునని పెద్దలు కొందఱడుగుదురు. వారి హృదయమును మేము గౌరవింతుము. కాని ఐక్యము అనురాగమువలన కలుగునుగాని అక్షరములవలన కలుగదు. ఒక్క ఇంటిపేరుగల అన్నదమ్ములు గట్టు తగవులతో న్యాయస్థానముల మెట్లు అరుగదీయుట మేము నిత్యము చూచుచుండలేదా? ఇష్టపడి భర్త ఇంటిపేరు తాల్చిన ఇల్లాలిని చూచి మేము సంతోషింతుము. ఇష్టము లేక తాల్చినామె విషయముననే మాకు విచారము.

కావున ప్రభుత్వములను మేము కోరునవి నాలుగు. మొదటిది, వివాహిత యని తెలిసినంతమాత్రమున పేరు మార్చుకొనుమని ఏ కచేరియు అడుగరాదు. అట్లడుగరాదని లిఖితపూర్వకమైన యుత్తరువు ప్రతి కచేరి గోడపై నుండవలయును. రెండవది, మార్చుకొనగోరిన స్త్రీ తన క్రొత్తపేరును వివాహ నమోదు సమయముననే తెలుపవచ్చునట్లును, ఆ ఒక్క ధ్రువపత్రముతో అన్ని శాఖలును మార్పు చేయునట్లును ఏర్పాటు కావలయును. మూడవది, పూర్వనామమునకు మరలుటకు ఆమె ప్రమాణపత్రమొక్కటియే చాలవలయును. నాల్గవది, ఇంటిపేరు వేఱుగా నున్నదను ఒక్క కారణముచే పింఛనుగాని, రేషనుగాని, ఓటుగాని, వారసత్వ భాగముగాని నిలిపివేయరాదు. తండ్రి పేరు, పుట్టిన తేది మున్నగువానితో వ్యక్తిని గుర్తింపవలయును.

ప్రభుత్వము మేలుకొనువఱకు మనము చేయదగినదియు కలదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశమున 2002లోనే వివాహముల నమోదును తప్పనిసరి చేయుచు చట్టము వచ్చినది. గ్రామములలో పనిచేయు సేవకులు ప్రతి క్రొత్త జంటచేతను వివాహమును నమోదు చేయింపవలయును. పాతపేరునకును క్రొత్తపేరునకును వంతెన ఆ పత్రమే. వధువులకు మా హితవు ఒక్కటే: నిలుపుకొన్నచో అన్ని పత్రములలోను నిలుపుకొనుడు, మార్చుకొన్నచో అన్నింటను మార్చుకొనుడు, రెండు పేర్ల నడుమ నిలువకుడు. తండ్రులు కట్నకానుకల ముచ్చట్లకు ముందు బిడ్డ పత్రములను సరిచూడవలయును. వరులు పెండ్లిపీటలపై కూర్చుండకమునుపే “నీ పేరు విషయమున నీ యిష్టమేమి?” అని యొకమాట అడుగవలయును. ఆ ఒక్కమాట అడిగినచో సగము చిక్కు ఆనాడే విడిపోవును.

ఈ దేశమున స్త్రీకి ఓటు వచ్చినది, చదువు వచ్చినది, భూమిలో భాగము వచ్చినది. ఇవన్నియు ఆమె పేరుమీదనే వచ్చినవి. ఆ పేరు ఎట్లుండవలయునో చెప్పు అధికారము ఆమెకు లేకున్నచో తక్కిన హక్కులన్నియు ఇతరుల చేతిలోని కాగితములే యగును.