మాయమైన నటి

పిల్లలూ, ఇంద్రజాలికుడు కుర్చీలో కూచున్న మనిషిని మాయం చేస్తే, ఆ మనిషి ఎటు పోతుంది? వేదిక మీద అయితే, నేలలోని దొంగ తలుపు గుండా కిందికి దిగిపోతుంది.

1896లో ఫ్రాన్సు దేశంలో జార్జి మెలియే అనే ఇంద్రజాలికుడు ఈ విద్యను సినిమాగా తీశాడు. అతని నాటకశాలలో వేషాలు వేసే జాన్ దాల్సీ కుర్చీలో కూచున్నది. ఆమె మీద గుడ్డ కప్పి, కెమేరా ఆపారు. ఆమె లేచి పక్కకు పోయింది. కెమేరా మళ్ళీ తిప్పారు. అంతే! దొంగ తలుపు అవసరమే లేకపోయింది.

రోజులు మారాయి. మెలియే ఆస్తి అంతా పోయింది. దాల్సీకి పారిస్‌లోని మోంపర్నాస్ రైలు స్టేషనులో చిన్న బొమ్మల దుకాణం ఉండేది. 1925లో వారిద్దరూ పెళ్ళాడి, అక్కడే బొమ్మలూ మిఠాయిలూ అమ్మి బతికారు.

దాల్సీ 1956లో కన్నుమూసింది. మాటలు లేని ఆ చిన్న సినిమా మాత్రం నేటికీ ఉన్నది. అందులో ఆమె మాయమైన ప్రతిసారీ తిరిగి వస్తుంది.