తప్పిపోయిన ఒక రోజు

భూమి చుట్టూ మొట్టమొదట ప్రయాణించినవాడు ఎవరు? ఈ ప్రశ్న అడిగితే బడికి వెళ్ళే ఏ బిడ్డ అయినా తడుముకోకుండా మాజిలాన్ అని చెబుతుంది. పోటీ పరీక్షల పుస్తకాలలోనూ అదే సమాధానం కనిపిస్తుంది. కాని మాజిలాన్ ఆ ప్రయాణాన్ని పూర్తి చేయలేదు. దారి మధ్యలోనే, ఫిలిప్పైన్ దీవులలోని ఒక చిన్న ద్వీపపు ఒడ్డున ప్రాణం విడిచాడు. మిగిలినవారు ప్రయాణం ముగించి ఇల్లు చేరేటప్పుడు తమతో ఒక వింత చిక్కును కూడా వెంటబెట్టుకుని వచ్చారు. వారి లెక్కలో ఒక రోజు తగ్గిపోయింది! ఆ చిక్కుకు సమాధానం వారు బయలుదేరడానికి సుమారు రెండు వందల సంవత్సరాల ముందే ఒక ముస్లిం పండితుని గ్రంథంలో వ్రాయబడి ఉన్నది. ఈ నెల ఆ సంగతినే పాఠకుల ముందుంచదలచాము.

లవంగాల కోసం

మాజిలాన్ పోర్చుగల్ దేశస్థుడు. 1505లో పోర్చుగీసు నౌకాదళంతో కలసి హిందూ మహాసముద్రానికి వచ్చాడు. 1511లో ముస్లిం సుల్తాను పాలనలో ఉన్న మలక్కా రేవును పోర్చుగీసువారు ఆక్రమించినప్పుడు అతడు ఆ సైన్యంలో ఉన్నాడు. అక్కడి నుండి ఒక మలయా బానిసను వెంట తీసుకుపోయాడు. అతనికి ఎన్రికే అని పేరు పెట్టారు. తరువాత తన రాజు ఆదరణ కరవై, మాజిలాన్ స్పెయిన్ రాజు ఒకటవ చార్లెస్ కొలువులో చేరాడు.

ఆ రోజులలో లవంగాలు ప్రపంచం మొత్తంమీద మలుకు ప్రాంతంలోని కొన్ని చిన్న దీవులలో మాత్రమే పండేవి. నేడు మన వంటింటి డబ్బాలో చిటికెడు ఉండే ఆ దినుసు కోసం రాజ్యాలు యుద్ధానికి దిగేవి. 1494లో స్పెయిన్, పోర్చుగల్ దేశాలు ఇతరుల భూములను తమలో తాము పంచుకుంటూ ఒక ఒప్పందం చేసుకున్నాయి. తూర్పు దారి పోర్చుగల్ వశమైంది. కాబట్టి పడమటి దిక్కుగా పోయి అవే దీవులను చేరుకుంటానని మాజిలాన్ స్పెయిన్ రాజును ఒప్పించాడు.

1519 సెప్టెంబర్ 20న ఐదు నౌకలు, సుమారు 240 మంది మనుషులు స్పెయిన్ తీరాన్ని విడిచారు. మరుసటి సంవత్సరం దక్షిణ అమెరికా తీరంలో చలికాలం గడుపుతుండగా తిరుగుబాటు చెలరేగింది. మాజిలాన్ దానిని కఠినంగా అణచివేశాడు. ఒక నౌక తుఫానుకు బద్దలైంది. మరొకటి చెప్పకుండా వెనుదిరిగి స్పెయిన్ చేరుకున్నది. నేడు మాజిలాన్ పేరుతో పిలవబడే జలసంధిని దాటి, 1520 నవంబర్ 28న మిగిలిన మూడు నౌకలు ఒక మహాసముద్రంలో ప్రవేశించాయి. అది ప్రశాంతంగా కనిపించినందున దానికి పసిఫిక్ అనే పేరు స్థిరపడింది.

ఆ ప్రశాంతతే వారి పాలిట శాపమైంది. మూడు నెలల ఇరవై రోజుల పాటు వారికి తాజా ఆహారం దొరకలేదు. పురుగులు పట్టి పొడిపొడిగా మారిన రొట్టె తిన్నారు. తెరచాప కొయ్యలకు చుట్టిన ఎద్దు తోళ్ళను సముద్రపు నీటిలో నాలుగైదు రోజులు నానబెట్టి, నిప్పులపై కాల్చి తిన్నారు. ఎలుకలను డబ్బు పెట్టి కొనుక్కున్నారు. చిగుళ్ళు వాచిపోయే స్కర్వీ వ్యాధితో ఒకరి తరువాత ఒకరు మరణించారు. ఈ వివరాలన్నీ మనకు ఆంటోనియో పిగఫెట్టా అనే ఇటలీ దేశస్థుని దినచర్య ద్వారా తెలిశాయి. అతడు నావికుడు కాడు. లోకం చూడాలన్న కోరికతో నౌక ఎక్కినవాడు. అయినా ప్రతి దినం విడువకుండా వ్రాసుకున్నాడు. ఆ అలవాటు ఎంత విలువైనదో ముందుకు పోయిన కొద్దీ తెలుస్తుంది.

1521 మార్చిలో వారు ఫిలిప్పైన్ దీవులకు చేరారు. అక్కడ ఒక దీవిలో బానిస ఎన్రికే తన మలయా భాషలో పలకరించగా అవతలివారు అర్థం చేసుకున్నారు. పడమటి దిక్కుగా పోతూ పోతూ తూర్పు దేశాల భాష వినిపించే చోటుకు వచ్చామని యాత్రికులకు అప్పుడు తెలిసింది. భూమి గుండ్రంగా ఉన్నదనడానికి ఒక బానిస నోటి మాట సాక్ష్యమైంది.

సెబు దీవిలో రాజు వారిని ఆదరించాడు. ఆ సమయంలో సయాం నుండి వచ్చి అక్కడ ఉన్న ఒక ముస్లిం వర్తకుడు రాజును హెచ్చరించాడని పిగఫెట్టా స్వయంగా వ్రాశాడు. కాలికట్టును, మలక్కాను కొల్లగొట్టినది ఈ జాతివారే, జాగ్రత్త అన్నది ఆ హెచ్చరిక సారాంశం. స్పెయిన్‌వారికీ పోర్చుగీసువారికీ మధ్య ఉన్న తేడా ఆ వర్తకునికి తెలిసి ఉండకపోవచ్చు. కాని మలక్కా పతనం నాడు మాజిలాన్ అక్కడే ఉన్నాడని మనకు తెలుసు. ఆ మాట గురి తప్పలేదు.

తరువాత మాజిలాన్ స్థానిక తగవులలో తలదూర్చాడు. పొరుగున ఉన్న మక్తాన్ దీవి నాయకుడు లాపులాపు లొంగిరాలేదని అతనిపైకి దండెత్తి, 1521 ఏప్రిల్ 27న హతుడయ్యాడు. తన మరణానంతరం ఎన్రికేకు విముక్తి ఇవ్వాలని మాజిలాన్ వీలునామాలో వ్రాశాడు. కాని మిగిలిన అధికారులు ఆ మాట నెరవేర్చలేదు. కొద్ది రోజులకే సెబులో జరిగిన విందులో అనేకమంది నావికులు చంపబడ్డారు. ఎన్రికే ఆ ఒడ్డుననే ఉండిపోయాడు. ఆ తరువాత అతని జాడ చరిత్రలో కానరాదు.

తిదోర్ సుల్తాను ఆతిథ్యం

మనుషులు చాలక ఒక నౌకను తగులబెట్టి, రెండు నౌకలతో వారు బ్రూనై సుల్తాను రాజధాని మీదుగా 1521 నవంబర్ 8న లవంగాల దీవి తిదోర్ చేరారు. అక్కడి ముస్లిం సుల్తాను అల్ మన్సూర్ వారిని గౌరవంగా ఆహ్వానించాడు. నౌకలలో ఉన్న పందులను చంపివేయమని, బదులుగా మేకలను, కోళ్ళను ఇస్తానని కోరాడు. వారు అంగీకరించారు. తన స్నేహంపై అనుమానం కలిగినట్లు తోచినప్పుడు ఖుర్ఆన్ గ్రంథాన్ని తెప్పించి, ముద్దుపెట్టుకుని, తలపై పెట్టుకుని ప్రమాణం చేశాడు. పిగఫెట్టా ఈ సంగతులన్నీ వ్రాయడమే కాక అక్కడి మలయా మాటల పట్టిక కూడా తయారు చేసుకున్నాడు. అందులో అల్లాహ్ పేరు ఉన్నది. మసీదుకు వాడే మాట ఉన్నది. యూరపువారు కొత్తగా కనుగొన్నామని చెప్పుకున్న చోట మన ఇళ్ళలో పలికే మాటలు అప్పటికే పలుకుతున్నాయి.

1521 డిసెంబర్‌లో విక్టోరియా అనే నౌక ఒక్కటే లవంగాలు నింపుకుని ఎల్కానో నాయకత్వంలో బయలుదేరింది. రెండవ నౌకకు నీరు కారుతున్నందున మరమ్మతు కోసం అక్కడే ఉండిపోయి, తరువాత పోర్చుగీసువారికి చిక్కింది. పోర్చుగీసువారి కంటపడకుండా విక్టోరియా రేవులు తప్పించుకుంటూ హిందూ మహాసముద్రాన్ని దాటి ఆఫ్రికాను చుట్టివచ్చింది. ఆకలితో, వ్యాధితో దారిలో ఇరవై మందికి పైగా మరణించారు. చివరకు 1522 సెప్టెంబర్ 6న స్పెయిన్ తీరం చేరినప్పుడు ఆ నౌకలో మిగిలినవారు 18 మంది.

బుధవారమా, గురువారమా?

దానికి రెండు నెలల ముందు, ఆకలికి తాళలేక వారు పోర్చుగీసువారి వశంలో ఉన్న కేప్ వెర్డ్ దీవులలో ఆగారు. అమెరికా నుండి వస్తున్నామని అబద్ధం చెప్పి బియ్యం సంపాదించారు. ఈ రోజు ఏ వారం అని ఒడ్డువారిని అడుగగా గురువారం అని సమాధానం వచ్చింది. నౌకలోని లెక్క ప్రకారం అది బుధవారం. పిగఫెట్టా నివ్వెరపోయాడు. తాను జబ్బు పడలేదు, ఒక్క దినమూ వ్రాయడం మానలేదు. మరి ఆ రోజు ఎక్కడ పోయింది?

నిజానికి ఏ రోజూ పోలేదు. భూమి 24 గంటలలో 360 డిగ్రీలు తిరుగుతుంది. అంటే గంటకు 15 డిగ్రీలు, డిగ్రీకి 4 నిమిషాలు. పడమటికి పోయేవాడు సూర్యుని వెంట పోతున్నాడు. కనుక అతనికి సూర్యాస్తమయం ప్రతి దినం కొద్దిగా ఆలస్యమవుతుంది. అతని దినం కొద్దిగా సాగుతుంది. దాదాపు 1,080 దినాల ప్రయాణంలో సగటున దినానికి 80 సెకన్ల చొప్పున ఈ సాగుదల పోగుపడితే సరిగ్గా ఒక రోజు అవుతుంది. ఇంటివద్ద ఉన్నవారి కంటే విక్టోరియాలోనివారు ఒక సూర్యోదయాన్ని తక్కువగా చూశారు. గడిచిన కాలం మాత్రం ఇద్దరికీ ఒక్కటే. స్పెయిన్ రాజదర్బారులో ఉన్న వెనిస్ రాయబారి గాస్పరో కొంటారిని ఈ కారణాన్ని వివరించేదాకా అక్కడి పెద్దలు తికమకపడ్డారు.

ఇప్పుడు షాము దేశానికి వెళదాం. అబుల్ ఫిదా 1273లో దమిష్క్ నగరంలో జన్మించాడు. హమా నగరాన్ని పాలించాడు. యుద్ధాలలో పాల్గొన్నాడు. చరిత్ర, భూగోళ శాస్త్రాలలో గ్రంథాలు రచించాడు. 1331లో మరణించాడు. 1321లో పూర్తయిన ఆయన భూగోళ గ్రంథం పేరు 'తఖ్వీముల్ బుల్దాన్'. భూమి గోళాకారంలో ఉన్నదని వివరిస్తూ ఆయన అందులో ఒక ఊహ చేశాడు. భూమి చుట్టూ తిరగడం సాధ్యమే అనుకుందాం. ముగ్గురిలో ఒకడు ఉన్నచోటనే ఉంటాడు. ఒకడు పడమటికి, మరొకడు తూర్పుకు బయలుదేరి భూమిని చుట్టి ఒకే సమయానికి మొదటివాని వద్దకు వస్తారు. అప్పుడు పడమటికి పోయినవాని లెక్కలో ఒక రోజు తగ్గుతుంది. తూర్పుకు పోయినవాని లెక్కలో ఒక రోజు పెరుగుతుంది.

ఆ ముగ్గురినీ అన్నదమ్ములుగా భావించి చూడండి. ఇంటివద్ద ఉన్నవాడు జుమా నమాజుకు సిద్ధమవుతుంటాడు. పడమటి నుండి వచ్చిన వాడు ఈ రోజు గురువారం కదా అంటాడు. మూడవవాడు జుమా నిన్ననే అయిపోయింది అంటాడు. ముగ్గురిలో ఒక్కడూ లెక్క తప్పలేదు, ఒక్కడూ అబద్ధమాడలేదు!

అబుల్ ఫిదాకు ఇది శూన్యంలో నుండి తోచలేదు. ఖలీఫా మామూన్ కాలంలోనే పండితులు ఎడారి మైదానాలలో నడచి ఒక డిగ్రీ దూరాన్ని కొలిచారు. అల్ బీరూనీ ఒక కొండ ఎత్తును ఆధారం చేసుకుని భూమి వ్యాసార్ధాన్ని లెక్కగట్టాడు. నమాజు వేళలు, ఖిబ్లా దిశ, నెలవంక దర్శనం — ఈ అవసరాలు ముస్లిం సమాజంలో ఖగోళ గణితాన్ని పెంచి పోషించాయి. ఆయన గౌరవార్థం చంద్రునిపై ఒక బిలానికి అబుల్ఫెదా అని పేరు పెట్టారు.

ఎవరి వాటా వారికి

ఇటువంటి సంగతి చేతికి అందగానే మనలో కొందరు తొందరపడతారు. అంతా మనవారే కనుగొన్నారు, యూరపువారు దొంగిలించారు అని సందేశాలు పంపుతారు. అది న్యాయం కాదు. అబుల్ ఫిదా సముద్రం చుట్టి రాలేదు. ఎద్దు తోలు నానబెట్టి తినలేదు. ఆయన గ్రంథంలోని జ్ఞానం ఆ ఓడ ఎక్కలేదు. కొంటారిని స్వతంత్రంగా ఆలోచించి అదే సమాధానానికి వచ్చి ఉండవచ్చు. సాహసం నావికులది. దినదినం వ్రాసిన నిజాయితీ పిగఫెట్టాది. ముందుగా ఆలోచించిన ఘనత అబుల్ ఫిదాది. ఆశ్రయమిచ్చిన ఉదారత తిదోర్ సుల్తానుది. దారి పొడవునా భాషను మోసి, మాట ఇచ్చిన స్వేచ్ఛను పొందలేకపోయిన ఎన్రికేకూ ఒక వాటా ఉన్నది. ఇవన్నీ కలిపి ఒక్క పేరు కిందకు చేర్చడం ఎంత తప్పో, వాటిని తుడిచివేసి మరో పేరు వ్రాయడం కూడా అంతే తప్పు. సాక్ష్యం చెప్పేటప్పుడు మనవారు, పరాయివారు అనే భేదం చూపరాదని మన ధర్మం మనకు బోధిస్తుంది. చరిత్ర చెప్పడమూ సాక్ష్యమే.

ఈ రోజు లెక్క నేటికీ సజీవంగా ఉన్నది. స్పెయిన్‌వారు అమెరికా మీదుగా పడమటికి ప్రయాణించి ఫిలిప్పైన్ దీవులను ఆక్రమించినందున అక్కడి తేదీ పొరుగు దేశాల కంటే ఒక రోజు వెనుకబడి ఉండేది. 1844లో డిసెంబర్ 31ని వదిలివేసి ఆ లోటు సరిచేశారు. 2011లో పసిఫిక్‌లోని సమోవా దేశం తన తేదీని మార్చుకున్నది. డిసెంబర్ 29 గురువారం తరువాత అక్కడ డిసెంబర్ 31 శనివారం వచ్చింది. ఆ వారం ఆ దేశంలో శుక్రవారమే లేదు! సూర్యుడు మాత్రం ఎప్పటివలెనే ఉదయించాడు, అస్తమించాడు. నమాజు వేళలు ఆకాశాన్ని అనుసరిస్తాయి. వారం పేరు ఏ రేఖ వద్ద మారాలన్నది మనుషులు చేసుకున్న ఏర్పాటు. కనుకనే ఎక్కడ ఉన్నవారు అక్కడి శుక్రవారాన్ని పాటిస్తారు. హైదరాబాదులో తండ్రి జుమా ముగించుకుని ఇంటికి వచ్చేసరికి చికాగోలోని కుమారునికి ఇంకా తెల్లవారి ఉండదు.

పిల్లలు ఈ పాఠం చదివే రోజున తల్లిదండ్రులు ఒక నారింజపండును, ఒక దీపాన్ని ముందు పెట్టుకుని కూర్చోవాలని మా మనవి. పండుపై వేలుంచి పడమటికి నడిపించి, రోజు ఎలా తగ్గుతుందో వారిచేతనే చెప్పించండి. మొదట చుట్టివచ్చినది ఎవరు అని పరీక్షలో అడిగితే, ఎల్కానో నాయకత్వంలో తిరిగివచ్చిన 18 మంది అని వ్రాయమనండి. మిగిలిన పేర్లను పరీక్ష అడగదు. వాటిని మనమే చెప్పాలి.