27 = 0

అబిడ్స్‌లో ఆదివారం దుకాణాల తలుపులు మూసి ఉంటాయి. వాటి ముందున్న కాలిబాట ఆ ఒక్కరోజూ పాతపుస్తకాలకు దఖలు పడుతుంది. అక్కడికి నవలలూ నిఘంటువులూ వెతుక్కుంటూ వచ్చేవారే ఎక్కువ. నాకు మాత్రం ఎవరో వాడి వదిలేసిన పాఠ్యపుస్తకాలంటే మోజు. వాటిలో అచ్చు కంటే అంచుల్లోని పెన్సిలు రాతలు చదవడానికి బాగుంటాయి. ఆ మధ్య అలా ఒక పదోతరగతి గణితం గైడు దొరికింది. అట్ట లేదు. అమ్మకందారు "పైంతీస్" అన్నాడు. బేరమాడకుండా ఇచ్చేశాను. కారణం, ఒక పుట అంచున కనిపించిన మూడు పంక్తుల రాత.

లెక్క మనందరం చేసినదే. ఒక రెండంకెల సంఖ్యలోని అంకెల మొత్తం 9. ఆ సంఖ్యకు 27 కలిపితే దాని అంకెలు తారుమారవుతాయి. ఆ సంఖ్య ఏది? ఆ పిల్లవాడు (పిల్ల కూడా కావచ్చు) మొదటి పంక్తిలో ఎక్స్ + వై = 9 అని సరిగానే రాశాడు. రెండో పంక్తిలో ఎక్స్‌వై + 27 = వైఎక్స్ అన్నాడు. ఎక్స్‌వై, వైఎక్స్ రెండూ ఒకటే గనుక రెండువైపులా కొట్టివేసి, మూడో పంక్తిలో 27 = 0 అని తేల్చాడు. పక్కన ఒక పెద్ద ప్రశ్నార్థకం. అక్కడితో ఆగిపోయాడు.

ఈ టపా ఆ ప్రశ్నార్థకం గురించి.

అతడి బీజగణితంలో దోషం లేదు. తనకు నేర్పిన నియమాన్ని తూచా తప్పకుండా పాటించాడు. రెండు అక్షరాలు పక్కపక్కన ఉంటే వాటి లబ్ధమని అర్థం. మరి రెండు అంకెలు పక్కపక్కన ఉంటే? అక్కడ మొదటిదాని విలువ పదింతలై రెండోదానితో కలుస్తుంది. చూపుకు ఒకేలా ఉండే రెండు రాతలు రెండు వేర్వేరు చట్టాలకు లోబడి ఉన్నాయన్న సంగతి మన తరగతి గదుల్లో ఎవరూ నోరు విప్పి చెప్పరు. "సంఖ్యను 10ఎక్స్ + వై అనుకోండి" అని నల్లబల్ల మీద రాసి ముందుకు సాగిపోతారు. ఎందుకనుకోవాలో అడిగినవాడు మొండివాడు, అడగనివాడు బుద్ధిమంతుడు. అంకెల లెక్కలంటే పిల్లలకు ఉన్న బెదురుకు మూలం ఈ దాటవేతేనని నా అభిప్రాయం. 27 = 0 అని తేలినప్పుడు ఎక్కడో ఏదో తప్పిందని గ్రహించి ప్రశ్నార్థకం పెట్టిన ఆ చేతిని నేనైతే మెచ్చుకుంటాను. సూత్రం బట్టీపట్టి 36 అని జవాబు రాసినవాడికి ఆ మాత్రం ఆలోచన కూడా అవసరపడలేదు కదా!

సమీకరణం జోలికి పోకుండా ఇదే లెక్కను కాలిబాట మీద చేయవచ్చు. జేబులో కొన్ని పదిరూపాయల నోట్లు, కొన్ని రూపాయి బిళ్ళలు ఉన్నాయనుకోండి. అంకెలు తారుమారు చేయడమంటే ఎన్ని నోట్లుంటే అన్ని బిళ్ళలు, ఎన్ని బిళ్ళలుంటే అన్ని నోట్లు పెట్టుకోవడం. ఒక బిళ్ళ నోటుగా మారితే తొమ్మిది రూపాయల లాభం, ఒక నోటు బిళ్ళగా మారితే తొమ్మిది రూపాయల నష్టం. మార్పిడి వల్ల 27 రూపాయలు పెరిగాయంటే మూడు తొమ్మిదులు లాభించాయన్నమాట. అంటే నోట్ల కంటే బిళ్ళలు మూడు ఎక్కువ. రెండూ కలిసి తొమ్మిదైతే నోట్లు మూడు, బిళ్ళలు ఆరు. సంఖ్య 36. ఇది అర్థమయ్యాక 10ఎక్స్ + వై అని రాస్తే, అప్పటికే తెలిసిన సంగతికి అది సంక్షిప్తలిపి అవుతుంది. మన బడులలో వరుస తిరగబడింది. సంక్షిప్తలిపి ముందు, సంగతి తరువాత (చాలాసార్లు ఆ తరువాత ఎప్పటికీ రాదు).

తెలుగు పిల్లలకు ఇంకొక సౌలభ్యం ఉంది, దాన్నీ మనం వాడుకోవడం లేదు. ఇరవై అంటే రెండు పదులు, ముప్పై అంటే మూడు పదులు, నలభై అంటే నాలుగు పదులు. "ముప్పై ఆరు" అని పలికిన ప్రతిసారీ మూడు పదులూ ఆరూ అని చెబుతూనే ఉన్నాం. ఉపాధ్యాయుడు బల్ల మీద రాసే సూత్రం పిల్లవాడి నోట్లో చిన్నప్పటినుంచీ ఉంది. పదుల స్థానం ముందు, ఒకట్ల స్థానం వెనక. రాతలోనూ పలుకులోనూ ఒకే వరుస.

ఉర్దూలో ఇలా కాదు. నా గైడు వెల "పైంతీస్"లో ఐదు ముందొచ్చి ముప్పై వెనకొచ్చింది. 36ను "ఛత్తీస్" అంటారు, ఆరు ముందు. 63ను "తిర్‌సఠ్" అంటారు, మూడు ముందు. చెవికి ఆరు ముందు వినబడితే చెయ్యి మూడు ముందు రాయాలి. సంస్కృతంలోనూ ఇదే వరుస. చంద్రుడంటే ఒకటి, నేత్రాలంటే రెండు, వేదాలంటే నాలుగు అని పదాలతో సంఖ్యలు చెప్పే భూతసంఖ్యా పద్ధతిలో ఒకట్ల స్థానంతో మొదలుపెట్టి కుడినుంచి ఎడమకు నడుస్తారు. జర్మనులు కూడా ఆరూ ముప్పై అనే అంటారు. తెలుగు, ఉర్దూ రెండూ వినబడే అబిడ్స్, నాంపల్లి వీధుల్లో పెరిగిన పిల్లవాడికి అంకెలు తారుమారు కావడం నిత్యానుభవం. గైడులో లెక్క కనబడగానే అతడికి వీధి గుర్తుకు రావాలి. రాకుండా చేయగలగడం మన బోధన ప్రత్యేకత.

గణితాన్ని తెలుగులో చెప్పుకోవడం మనకు కొత్తేమీ కాదు. రాష్ట్రకూట అమోఘవర్షుని కాలంలో, తొమ్మిదో శతాబ్దంలో, మహావీరాచార్యుడు సంస్కృతంలో రచించిన గణితసారసంగ్రహాన్ని పదకొండో శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. హారంలాగా ఏ కొసనుంచి చదివినా ఒకేలా ఉండే లబ్ధాలు మహావీరుడికి ఇష్టం. 142857143ను ఏడుతో గుణించి చూడండి, 1000000001 వస్తుంది. తారుమారు చేసినా చెక్కుచెదరని సంఖ్య! లెక్కను వినోదంగా చూసిన ఆ చూపు గైడుల అచ్చులో ఆవిరైపోయింది.

"అయినా ఈ లెక్కలు జీవితంలో ఎక్కడ పనికొస్తాయి?" అనే ప్రశ్న ఎలాగూ వస్తుంది. పద్దులు రాసేవారిని అడగండి. సాయంత్రం లెక్క కుదరక తేడా 27 వస్తే, అది తొమ్మిదితో భాగింపబడుతోంది గనుక ఎక్కడో 36కు బదులు 63 పడిందేమోనని అనుభవజ్ఞుడైన గుమాస్తా మొదట అనుమానిస్తాడు. గైడులోని లెక్కే అది, గల్లాపెట్టె దగ్గర.

పాతపుస్తకం వెనక అట్ట మీద ఉండే ఐ.ఎస్.బి.ఎన్. సంఖ్య ఇంకా ముచ్చటైనది. పాత పద్ధతిలో దానికి పది స్థానాలు. మొదటి అంకెను పదితో, రెండోదాన్ని తొమ్మిదితో, అలా తగ్గించుకుంటూ చివరిదాన్ని ఒకటితో గుణించి కూడితే మొత్తం పదకొండుతో నిశ్శేషంగా భాగింపబడాలి. అట్ట చిరిగి ఒక అంకె పోయినా మిగిలిన తొమ్మిదింటితో దాన్ని రాబట్టవచ్చు. చివరి స్థానంలో పది రావలసివస్తే అక్కడ ఎక్స్ అని వేస్తారు (మన పిల్లవాణ్ణి ఏడిపించిన ఎక్స్ ఇక్కడ రోమన్ పది!). పక్కపక్కనున్న రెండు వేర్వేరు అంకెలు తారుమారైతే మొత్తం వాటి భేదమంత మారుతుంది. ఆ భేదం పదకొండును చేరలేదు గనుక తప్పు దొరికిపోతుంది. 2007 నుంచి వచ్చిన పదమూడంకెల పద్ధతిలో స్థానాలను ఒకటి, మూడు, ఒకటి, మూడు అంటూ గుణించి, మొత్తం పదితో భాగింపబడుతుందా అని చూస్తారు. అందులో 2, 7 పక్కపక్కన ఉండి తారుమారైతే మొత్తం సరిగ్గా పది మారుతుంది, తప్పు జారిపోతుంది. ఈ ఒక్క విషయంలో నేను నిస్సంకోచంగా పాతపుస్తకాల పక్షం.

అబిడ్స్ నుంచి స్టేషన్ రోడ్డు పట్టుకుంటే నడకదూరంలో నాంపల్లి. ఇంటర్మీడియట్ బోర్డు అక్కడే ఉంది. 2019 ఏప్రిల్‌లో తెలంగాణ ఇంటర్ ఫలితాలు వెలువడ్డాక విద్యార్థులూ తల్లిదండ్రులూ ఆ కార్యాలయం ముందు ఆందోళనకు దిగారు. ఒక విద్యార్థినికి తెలుగులో సున్నా వేశారు. తిరిగి చూస్తే ఆమెకు వచ్చినవి 99. మార్కుల పత్రం మీద వృత్తాలు నింపేటప్పుడు తొమ్మిదులున్నచోట సున్నాలు నిండాయి. ఆ ఫలితాల తరువాత ఇరవైమందికి పైగా విద్యార్థులు ప్రాణాలు తీసుకున్నట్టు పత్రికలు రాశాయి. ఆ విషాదానికి కారణాలన్నీ అంకెల్లో వెతకడం నా ఉద్దేశం కాదు. అయితే ఆ 99ని మాత్రం మరువలేకపోతున్నాను.

ఎందుకంటే, గుమాస్తాగారి తొమ్మిది పరీక్ష దీన్ని పట్టలేదు. ఒక సంఖ్యను తొమ్మిదితో భాగిస్తే మిగిలే శేషాన్ని పక్కన రాయించారనుకుందాం. 99కీ శేషం సున్నాయే, 00కీ సున్నాయే. పదకొండుతో భాగించినా అంతే. ఐ.ఎస్.బి.ఎన్.లోలాగా స్థానానికో గుణకం పెడితే పట్టుబడుతుంది: మొదటిదాన్ని మూడుతో, రెండోదాన్ని రెండుతో గుణిస్తే 99కి 45 వస్తుంది, దాన్ని పదకొండుతో భాగిస్తే ఒకటి మిగులుతుంది. ఒక్క అదనపు వృత్తం చాలు. అంతకంటే సులువైనది చెక్కుల మీద మనం ఎప్పటినుంచో చేస్తున్న పని, అంకెను అక్షరాల్లో కూడా రాయడం. వృత్తంలో తొమ్మిదికి బదులు సున్నా నింపడానికి చెయ్యి జారితే చాలు. "తొంభై తొమ్మిది" అని రాయబోయి "సున్నా" అని రాసేంతగా ఏ చెయ్యీ జారదు.

గైడులో ఆ పుటలోనే, ప్రశ్నార్థకం కిందుగా, ఇంకొక లెక్క ఉంది. దాన్ని పిల్లవాడు ముట్టుకోలేదు. ఒక రెండంకెల సంఖ్య తన అంకెల మొత్తానికి ఏడు రెట్లు. దానిలోనుంచి 18 తీసివేస్తే అంకెలు తారుమారవుతాయి. జవాబు నేను చెప్పను. నోట్లు, బిళ్ళలు తీసి చూడండి. ఎక్స్, వైలు లేకుండా చేసినవారు ఎలా చేశారో కింద వ్యాఖ్యలో రాయగలరు.