గడువు తీరిన ఒడంబడికలు

కౌలుకాగితపు సంగతి తెలియనివారు గోదావరి మండలములందుండరు. 1956 నాటి ఆంధ్ర కౌలుదారీ చట్టము, 1974 నాటి సవరణతో, గడువు తీరినదను నెపమున కౌలుదారును వెడలగొట్టుటకు వీలులేకుండ జేసెను. తొలగింపదలచిన భూస్వామి కారణము చూపి అధికారియెదుట నిరూపింపవలసివచ్చెను. 2019 నాటి చట్టము దానిని తొలగించి పదునొకండు నెలల ఒప్పందమును దెచ్చినది. ఆ పాతచట్టము న్యాయమో అన్యాయమో ఇచట చర్చింపము. భూస్వామికి అంతటి నిర్బంధము విధించిన ప్రభుత్వము, తానే యజమానియైనపుడు ఎట్లు వర్తించుచున్నదో విచారింతము.

2005లో జాతీయ గ్రామీణ ఆరోగ్య మిషను వెలసినది మొదలు నర్సులు, ఫార్మసిస్టులు, ల్యాబ్ టెక్నీషియన్లు అనేకులు ఏటేట పొడిగింపబడు ఒడంబడికలపై పనిచేయుచున్నారు. 2020 డిసెంబరులో ఏలూరున అంతుచిక్కని వ్యాధితో వందలకొలది జనులు ఆసుపత్రి చేరినపుడును, 2022 జూలైలో ధవళేశ్వరమువద్ద వరద 25 లక్షల క్యూసెక్కులు దాటి కోనసీమ లంకలు మునిగినపుడును, మందిచ్చువారు పర్మనెంటువారా, కాంట్రాక్టువారా యని యే రోగియు నడుగలేదు. కోవిడ్ కాలమున కొలదినెలల గడువుతో చేర్చుకొనబడినవారిలో అనేకులకు వ్యాధి తగ్గగానే సెలవు చెప్పిరి. ఆపదకాలమున అక్కరకు వచ్చినవారు ఆపద తీరినంతనే బరువైరి.

న్యాయస్థానములు ఏమనుచున్నవి? 2006లో ఉమాదేవి వ్యాజ్యమున సుప్రీముకోర్టు రాజ్యాంగ ధర్మాసనము, తాత్కాలికముగ చేరినవారికి ఖాయపు హక్కు లేదని తీర్పు చెప్పినది. అందు ధర్మము లేకపోలేదు. దొడ్డిదారిని చేరినవారిని ఖాయపరచినచో, పరీక్షకై కాచుకొన్న నిరుద్యోగికి ద్వారము మూసినట్లే. కాని 1992లోనే పియారాసింగు వ్యాజ్యమున ఆ కోర్టే మరొకమాట చెప్పియున్నది: ఒక తాత్కాలికుని తొలగించి వేరొక తాత్కాలికుని నియమింపరాదు; క్రమమైన ఎంపికలో వచ్చినవానికే చోటు విడువవలెను. 2024 డిసెంబరులో జగ్గో వ్యాజ్యమున, చిరకాలము సేవచేసినవారిపై ఉమాదేవి తీర్పును ఆయుధముగ ప్రయోగింపరాదని హెచ్చరించినది. మన రాష్ట్రమున 2023లో వచ్చిన క్రమబద్ధీకరణ చట్టము 2014 జూన్ 2 నాటికి కొలువులో నున్నవారికే వర్తించును. తరువాత చేరినవారికి కోర్టే గతి.

పథకమే తాత్కాలికము గాన ఉద్యోగమును తాత్కాలికమే యని అధికారులందురు. ఇరువదియేండ్లు దాటిన పథకమును తాత్కాలికమనుట యెట్లు? ప్రసవములాగవు, మలేరియా మానదు. పని శాశ్వతమైనపుడు పనివానిమాత్రమే తాత్కాలికుని జేయుట పొదుపు కాదు, అన్యాయము. రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునలు రద్దయిన పిదప, లంకగ్రామపు నర్సు తన కష్టము చెప్పుకొనుటకు అమరావతి హైకోర్టుకే పోవలెను. జీతము నిలిచినవారికి ప్లీడరు ఫీజు ఎక్కడినుండి వచ్చును?

మేము కోరునవి మూడు. పొడిగింపు నిరాకరింపదలచినచో మూడునెలల ముందుగ కారణము వ్రాతమూలకముగ తెలుపవలెను. ఆ కారణము తప్పని చెప్పుకొనుటకు జిల్లాలోనే ఒక విచారణాధికారి యుండవలెను. శాశ్వతమైన పనికి శాశ్వతమైన పోస్టు మంజూరుచేసి, బహిరంగమైన ఎంపికలో పూర్వసేవకు తగిన మార్కులు కలుపవలెను. ఇందువలన నిరుద్యోగికిని అన్యాయము జరుగదు. పనిచేసినవారి శ్రమయు వృథాకాదు.

రాజమహేంద్రవరమునను ఏలూరునను 2023లో ప్రభుత్వ వైద్యకళాశాలలు వెలసినవి. సంతోషమే. కాని గ్రామమున సూదివేయు చేతికి నిలుకడ లేనిచో పట్టణమున మేడలు వ్యాధిని మాన్పజాలవు. కారణము చూపక కౌలుదారును లేపరాదని ఒకనాడు భూస్వామికి చెప్పిన ప్రభుత్వము, ఆ నీతిని తన యింట నాచరించి చూపవలెను.