క్యాషియర్ తీసిన మాయాబజార్

‘మాయాబజార్’ తీసిన మనిషి సినిమాల్లోకి వచ్చి మొదట పట్టుకున్నది క్యాషుపెట్టె తాళాలు. 1938లో రోహిణీ వారి ‘గృహలక్ష్మి’కి కె.వి.రెడ్డి గారు క్యాషియర్. తర్వాత వాహిని సంస్థలో బి.ఎన్.రెడ్డి గారి ‘వందేమాతరం’, ‘సుమంగళి’, ‘దేవత’ చిత్రాలకు ప్రొడక్షన్ మేనేజర్. 1943లో ‘భక్త పోతన’తో దర్శకుడయ్యేనాటికి రూపాయి సెట్టు మీద ఎక్కడ ఖర్చవుతుందో, ఎక్కడ కారిపోతుందో ఆయనకు కంఠతా వచ్చు. ‘మాయాబజార్’లో పింగళి మాటల గురించీ మార్కస్ బార్ట్లే కెమెరా గురించీ మనం ఎంత చెప్పుకున్నా తనివి తీరదు, అది న్యాయమే. ఆ వైభవాన్నంతా మోసిన లెక్కల బుర్ర ఊసు మాత్రం ఎవరూ ఎత్తరు. నాకు అదే బాధ.

ఆయన పద్ధతి చూడండి. షూటింగ్ మొదలయ్యే ముందే నటుల చేత మాటలు చెప్పించేవారు. పక్కన అసిస్టెంటు స్టాప్‌వాచ్ పట్టుకుని కూర్చునేవాడు. ఏ సీను ఎంతసేపు నడుస్తుందో కాగితం మీదకు ఎక్కేది. ‘మాయాబజార్’కి ఆయన దగ్గర పనిచేసిన సింగీతం శ్రీనివాసరావు గారు ఈ ముచ్చట చాలాసార్లు చెప్పారు. 35 ఎం.ఎం.లో నిమిషానికి 90 అడుగుల ఫిల్ము నడుస్తుంది. అప్పట్లో అది విదేశాల నుంచి రావలసిన సరుకు. తీసిన సీను ఎడిటింగులో ఎగిరిపోతే ఫిల్ముతో పాటు సెట్టు కట్టిన కలప, వడ్రంగి కూలి, లైట్‌మెన్ బేటా (రోజువారీ భత్యం), నటుల కాల్షీట్లు అన్నీ పోయినట్టే. అందుకే కోత ఏదో కాగితం మీదే కోసేవారు. ఇది దర్శకుడి క్రమశిక్షణ అంటారు. నన్నడిగితే ప్రొడక్షన్ మేనేజర్‌గా అబ్బిన విద్య అంటాను.

1951లో పెట్టిన అన్నపూర్ణా పిక్చర్స్ తొలి సినిమా ‘దొంగరాముడు’ 1955లో గానీ రాలేదు. దుక్కిపాటి మధుసూదనరావు గారు, అక్కినేని గారు కె.వి. కోసం అంతకాలం ఆగారు. నిర్మాతలు అలా ఆగడంలో నాకైతే వింతేమీ కనిపించదు. తర్వాత ఆయనే నిర్మాత కూడా అయి ‘జగదేకవీరుని కథ’ (1961), ‘శ్రీకృష్ణార్జున యుద్ధము’ (1963) తీశారు. రెండోదానిలో ఎన్.టి.రామారావు, అక్కినేని ఇద్దరూ ఉన్నారు. ఆ ఇద్దరి డేట్లు కలపడం ఎంత పనో ప్రొడక్షన్‌లో ఉన్నవాళ్లకే తెలుసు. ‘సత్య హరిశ్చంద్ర’, ‘భాగ్యచక్రం’ ఆడలేదన్నదీ నిజమే. లెక్క ఎంత పక్కాగా ఉన్నా జనం వస్తారని పూచీ లేదు. కానీ సినిమా పోయినా యూనిట్‌లో ఎవరి బాకీ మిగలకుండా చూడగలిగేది ఆ లెక్క ఒక్కటే.

ఈరోజు సంగతి చెబుతాను. స్క్రిప్టులో ఒక వాక్యం ఉంటుంది: రాత్రి, వర్షంలో పెళ్లి ఊరేగింపు. రాసేవాడికి అది అర నిమిషం పని. ప్రొడక్షన్ మేనేజర్ చదివితే వాన కురిపించడానికి నీళ్ల ట్యాంకర్లు, జనరేటర్, ఊరేగింపుకు జూనియర్ ఆర్టిస్టులు, తడిసిన బట్టలకు రెండో జత, వీధి మూయడానికి పోలీసు అనుమతి, రాత్రి పనికి అదనపు బేటా, అర్ధరాత్రి భోజనాలు, తెల్లవారుజామున టిఫిన్లు కళ్ల ముందు తిరుగుతాయి. మధ్యలో హీరోగారు రేపు రానంటే, ఉన్న ఆర్టిస్టుల కాంబినేషన్‌లో ఏ సీను తీయొచ్చో వెతుక్కుని కాల్షీట్ మళ్లీ రాయాలి. ప్యాకప్ చెప్పాక అందరూ వెళ్లిపోతారు, ప్రొడక్షన్ మేనేజర్ వోచర్లు ముందేసుకుని కూర్చుంటాడు.

ఇంత చేసిన మనిషికి జాతీయ అవార్డుల్లో ఒక విభాగం లేదు. బడ్జెట్ చేయి దాటితే హీరో పారితోషికాన్ని ఆడిపోసుకుంటాం గానీ, నాలుగు గంటల సినిమా తీసి గంటన్నర పారేసే అలవాటు మీద మాట రాదు. రియల్ ఎస్టేట్ నుంచో సాఫ్ట్‌వేర్ నుంచో డబ్బుతో వస్తున్న కొత్త నిర్మాతలను నేను అడిగేది ఒక్కటే. స్క్రిప్టు హీరోగారి చేతికి వెళ్లే రోజే ప్రొడక్షన్ మేనేజర్ చేతికీ వెళ్లాలి, కథాచర్చల్లో ఆయనకో కుర్చీ ఉండాలి. ఊరేగింపు పగలు పెడితే కథకు నష్టమా అని ఆయన అడిగితే దర్శకుడు జవాబు చెప్పాలి. నష్టమే అని తేలితే ట్యాంకర్లు తెప్పించే పూచీ మేనేజర్‌ది.