నలుపు తెలుపుల వెన్నెల

మాయాబజారు చిత్రమును చూడని తెలుగు కుటుంబము అరుదు. అందలి ఘటోత్కచుడైన రంగారావుగారిని, శశిరేఖయైన సావిత్రిగారిని పసిబిడ్డలు సైతము ఎఱుగుదురు. కాని ఆ చిత్రమునకు ఛాయాగ్రాహకు లెవరని యడిగినచో పెద్దలును తడుముకొందురు. సినిమా యనగానే కనుబొమలు ముడిచెడి పెద్దలును మనలో కలరు; వారితో నిప్పుడు వాదింపము.

ఆ ఛాయాగ్రాహకులు మార్కస్ బార్ట్లేగారు. వీరు ఆంగ్లో ఇండియనులు. పత్రికలకు ఛాయాచిత్రములు, వార్తాచిత్రములు తీసి చేయి తిరిగిన పిమ్మట, 1945 లో బి. ఎన్. రెడ్డిగారి స్వర్గసీమకు పనిచేసిరి. తరువాత విజయా సంస్థవారి పాతాళభైరవి (1951), మిస్సమ్మ (1955), మాయాబజారు (1957), గుండమ్మ కథ (1962) వీరి కెమేరాతోనే వెలువడెను. తెలుగు మాతృభాష కాని వారొకరు మన ద్వారకను మన కన్నులయెదుట నిలిపిరి.

మేము చెప్పదలచినది మాయాబజారును గూర్చియే. 2010 లో దానికి రంగులద్ది మరల విడుదల చేసిరి. ధ్వనిని బాగుచేసినందుకు వారిని మెచ్చవలసినదే. కాని నేటి బాలబాలికలు పలువురు ఆ రంగుల ప్రతినే చూచి, అసలు చిత్రము అదియే యని తలంచుచున్నారు. మా మతమున మొదట చూడవలసినది నలుపు తెలుపుల ప్రతి.

కారణము నౌకావిహార గీతమున కలదు. శశిరేఖాభిమన్యులు, రుక్మిణీకృష్ణులు, రేవతీబలరాములు వెన్నెలలో పడవపై సాగిపోదురు. ఆ వెన్నెలలో అధికభాగము స్టూడియోలో దీపములతో కల్పించినది. నలుపు తెలుపుల ఫిలిమునకు నీలమని, పసుపని తెలియదు; వెలుగెంత, నీడ యెంత, ఇంతియే తెలియును. దీపము కొంచె మెక్కువైనచో రాత్రి పగలగును. తక్కువైనచో ముఖములు నల్లబడును. బార్ట్లేగారు ఈ రెంటి నడుమ నున్న సన్నని దారిని పట్టుకొనిరి. అలల యంచులు మెఱయును, పొదలు చీకటిలో నుండును, ముఖములు మాత్రము మెత్తగా వెలుగును. దానిపై నీలము పూసినచో, ఆయన చెప్పిన మాటనే మరియొకరు బిగ్గరగా మరల చెప్పినట్లగును.

ఆ కాలమున కంప్యూటరులు లేవు. ఒకే దృశ్యమున రెండు మాయలు చూపవలెనన్నచో ఫిలిములో కొంతభాగమును మూసి తీసి, దానినే వెనుకకు చుట్టి, మిగిలిన భాగమును తీయవలసియుండెడిది. కెమేరా వెండ్రుకవాసి కదలినను పని యంతయు చెడును. చెడిన సంగతి ఫిలిము కడిగినగాని తెలియదు!

బార్ట్లేగారు రంగులకు విరోధులు కారు. 1965 లో వచ్చిన మలయాళచిత్రము చెమ్మీనులోని సముద్రమును వారు రంగులలోనే చూపిరి. శాంతినిలయమను తమిళచిత్రమునకు 1969 సంవత్సరపు జాతీయ పురస్కారము వచ్చినదియు వర్ణఛాయాగ్రహణమునకే. ఆ రంగులు వారు స్వయముగా ఎంచుకొనినవి. మాయాబజారు రంగులు అట్టివి కావు; వారు 1993 లోనే గతించిరి.

నలుపు తెలుపులనిన పిల్లలు కూర్చుండరని తలిదండ్రులు కొందఱందురు. ప్రియదర్శినిలో శ్రీకృష్ణునకు శకుని కనబడునంతవరకు కూర్చుండబెట్టి చూడుడు; అటుపై లెమ్మన్నను లేవరు. పాఠశాలలో ఈ చిత్రమును చూపునపుడు కిటికీ లన్నియు మూయింపవలయునని ఉపాధ్యాయులకు మనవి. పగటి వెలుతురు తెరమీద పడినచో ఆ వెన్నెల కానరాదు.