అభిమానం పేరుతో నవలల దోపిడీని ఖండిస్తున్నాం

తెలుగు పాఠకులు ఎంతో ఇష్టపడే ప్రేమ నవలలను స్కాన్ చేసి టెలిగ్రామ్, వాట్సాప్ గ్రూపుల్లో పీడీఎఫ్‌లుగా పంచడాన్ని, యూట్యూబ్‌లో మొదటి పేజీ నుంచి చివరిదాకా చదివి వినిపించడాన్ని, అనుమతి లేకుండా ఇతర భాషల్లోకి అనువదించి పెట్టడాన్ని మా రచయితల సంఘం తీవ్రంగా ఖండిస్తోంది.

‘పాత పుస్తకమేగా, రాసినావిడ కూడా లేరుగా’ అంటున్నారు. ఆ వాదన చెల్లదు. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం రచయిత మరణించిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లపాటు హక్కులు ఉంటాయి. ఉదాహరణకు, నవలా రచయిత్రి యద్దనపూడి సులోచనారాణి 2018లో కన్నుమూశారు. ‘సెక్రటరీ’ సహా ఆమె నవలలకు 2078 చివరిదాకా ఈ రక్షణ ఉంది.

‘పైసా తీసుకోవడం లేదు’ అన్నది మరో సమర్థన. లాభాపేక్ష లేనప్పుడు శిక్ష తగ్గించే విచక్షణ కోర్టుకు ఉంది. అంతమాత్రాన చేసిన పని ఒప్పయిపోదు. 63వ సెక్షన్ కింద ఆరు నెలల నుంచి మూడేళ్ల జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల జరిమానా ఉన్నాయి. ఒకప్పటి అద్దె లైబ్రరీ యజమాని సైతం ముందు ఒక ప్రతి కొనేవాడు. ఇప్పుడు ఒక్క స్కాన్ వేలమందికి చేరినా రచయితకు రూపాయి దక్కడం లేదు.

అనువాదాల సంగతి ఇంకా బాధాకరం. అనువాద హక్కు కూడా కాపీరైట్‌లో భాగమని 14వ సెక్షన్ చెబుతోంది. రచన తనదని చెప్పుకునే హక్కును, తన పరువుకు భంగం కలిగేలా దాన్ని వక్రీకరిస్తే అడ్డుకునే హక్కును 57వ సెక్షన్ రచయితకిచ్చింది. రచయిత్రి పేరు తీసేసి, పాత్రల పేర్లు మార్చి, ముగింపు తిరగరాసి దానికి అనువాదమని పేరు పెడితే మేం ఒప్పుకోం. నాయిక అత్తింట్లో పలికే ఒక్క ముక్తసరి మాటకోసం రచయిత్రి ఎంత ఆలోచించి ఉంటుందో యంత్రానువాదానికి తెలియదు.

ఇలా పంచేవారిలో చాలామంది ఆ నవలలు చదువుతూ పెరిగినవారే. పుస్తకాలు దొరకడం లేదన్న వారి ఫిర్యాదులో నిజముంది. ప్రచురణకర్తలు, వారసులు ఆగిపోయిన ముద్రణలను తిరిగి తేవాలి, తక్కువ ధరకు ఈ-బుక్కులు ఇవ్వాలి. అయితే ఆ లోటు ఈ దోపిడీకి అనుమతి పత్రం కాదు.

గ్రూపుల నిర్వాహకులు ఆ ఫైళ్లను వెంటనే తొలగించాలి. అనువదించాలన్న కోరిక ఉన్నవారు ముందు హక్కుదారులకు ఉత్తరం రాసి అనుమతి తీసుకోవాలి. పాఠకులారా, మీకు పీడీఎఫ్ వస్తే మరొకరికి పంపకండి. పుస్తకం కొని చదవండి.

– కార్యవర్గం